తెనాలి ధరకూ చెన్నై ధరకూ మధ్య పలుపు ఎంత పొడుగు?

శివరాత్రి దాటితే చాలు, తెనాలి చుట్టుపక్కల, బాపట్ల కింద, రేపల్లె కాలువల వెంట మినుము కళ్లాలు మొదలవుతాయి. వరి కోతకు రెండు మూడు రోజుల ముందు పదునులో చల్లిన గింజ డెబ్బై, ఎనభై రోజులకు చేతికొస్తుంది. నూర్చిన సాయంత్రమే కమీషన్ కొట్టు నుంచి మనిషి వస్తాడు. "ఇవ్వాళ ఇస్తే ఈ రేటు. రేపటి సంగతి నాకు తెలవదు బాబాయ్" అంటాడు. అదే పూట పక్క ఊరి నుంచి బావమరిది ఫోను. "బావా, చెన్నైలో లేచిందంట. తొందరపడి అమ్మమాక."

ఎవరి మాట వినాలి? ఇద్దరూ అబద్ధం చెప్పడం లేదు. కానీ మీకు కావలసింది ఇద్దరి దగ్గరా లేదు. చెన్నైలో లేస్తే తెనాలిలో లేస్తుందా? లేస్తే ఎన్ని రోజులకు? అన్ని రోజులు ఆగితే, ఆగినందుకు చేతిలో ఏమైనా మిగులుతుందా? బస్తా కట్టేముందు రైతుకు తేలాల్సినవి ఇవి.

ఈ ప్రశ్నలకు జవాబు వెతికే లెక్క ఒకటి ఉంది. ఇంగ్లీషులో దాన్ని కోఇంటిగ్రేషన్ అంటారు, దాని జోడీని ఎర్రర్ కరెక్షన్ అంటారు. పేర్లు నోరు తిరగవు గానీ విషయం మన దొడ్లో ఉన్నదే. పూర్తి లెక్కకు కంప్యూటరు కావాలి. అందులోని కీలకం పట్టుకోవడానికి మాత్రం నోటు పుస్తకం, పెన్సిలు చాలు.

ధర ఇంటికి రాదు, తేడా వస్తుంది

చేలో బోరు నీటి మట్టం చూడండి. వేసవిలో దిగుతుంది, వానలకు లేస్తుంది. అటూ ఇటూ పోయినా తనకంటూ ఒక మట్టం ఉంది, అక్కడికే తిరిగి వస్తుంది. పంట ధర అలాంటిది కాదు. ఇవాళ్టి ధర అంటే నిన్నటి ధర, దానికి ఇవాళ తగిలిన దెబ్బో లాభమో కలిపినది. రేపటి ధర ఇవాళ్టి దగ్గర నుంచే బయల్దేరుతుంది. వెనక్కి రావాలన్న నియమం ఏమీ లేదు. తాగినవాడు అర్ధరాత్రి రోడ్డు మీద నడిచినట్టు ఒక అడుగు ఇటు, ఒక అడుగు అటు. పోయినేడు ఇదే రోజుల్లో ఎంత పలికిందో ఈ ఏడూ అంతకే వస్తుందని కూర్చున్నవాళ్లు దెబ్బ తినేది ఇక్కడే.

అయితే ఆ తాగినవాడి వెంట కుక్క ఒకటి ఉందనుకోండి. 1994లో మైకేల్ ముర్రే అనే అమెరికా ఆచార్యుడు ఈ లెక్కను విద్యార్థులకు చెప్పడానికి ఈ పోలికే వాడాడు. మనిషి ఎటు పోతాడో చెప్పలేం, కుక్క ఎటు పోతుందో చెప్పలేం. కానీ కుక్క తన మనిషే అయితే ఇద్దరూ మరీ దూరం పోరు. దూరం పెరిగినప్పుడల్లా ఒకరు రెండోవాళ్ల వైపు నాలుగడుగులు వేస్తారు.

మనకు పనికొచ్చే పోలిక ఇంకోటి ఉంది. కాలవ గట్టు మీద మేతకు వదిలిన రెండు ఎడ్ల మెడలకు కలిపి ఒక పొడుగాటి పలుపు వేశారనుకోండి. జోడు ఎటు మేస్తూ పోతుందో సాయంత్రందాకా తెలియదు. కానీ రెంటి మధ్య దూరం పలుపును దాటదు. తెనాలి మినుము ధర ఒక ఎద్దు, చెన్నై ధర రెండోది. వాటి మధ్య పలుపు ఉంటే దాన్నే కోఇంటిగ్రేషన్ అన్నారు. పలుపు బిగిసినప్పుడు ఎద్దు వెనక్కి రావడం ఎర్రర్ కరెక్షన్.

పలుపు దేనితో చేసింది? లారీతో. చెన్నైలో ధర బాగా లేస్తే తెనాలి వ్యాపారి సరుకు అటు పంపుతాడు. ఇక్కడ సరుకు తగ్గి ధర లేస్తుంది, అక్కడ సరుకు పెరిగి ధర దిగుతుంది. చెన్నై రేవులో బర్మా మినుము చౌకగా దిగితే మిల్లులు అటు చూస్తాయి, ఇక్కడ కొనుగోలు మందగిస్తుంది. మినపగుళ్ల మిల్లులున్న తెనాలికి ఇది కొత్త సంగతి కాదు. లారీలు, ఫోన్లు, డబ్బున్న వ్యాపారులు ఎంత చురుగ్గా ఉంటే పలుపు అంత పొట్టిదవుతుంది.

రెండూ పెరిగితే బంధువులైనట్టేనా?

ఇక్కడ ఒక మోసం ఉంది. పాతికేళ్లలో మినుము ధర పెరిగింది. రేపల్లె వీధుల్లో మోటారు సైకిళ్లు కూడా పెరిగాయి. రెండు గీతలూ కాగితం మీద గీస్తే పక్కపక్కనే పైకి పోతాయి. మోటారు సైకిళ్లు కొన్నందుకు మినుము లేచిందని ఎవరైనా అంటే నవ్వుతాం. కానీ "పదేళ్లుగా ఆ ఊరి ధరా మన ధరా కలిసే పెరుగుతున్నాయి, కాబట్టి ముడి ఉంది" అంటే నమ్ముతాం. రెండూ ఒకే తప్పు.

ఇంగ్లండులో ఉడ్నీ యూల్ అనే గణాంక శాస్త్రజ్ఞుడు 1926లోనే ఈ మాట చెప్పాడు. 1866 నుంచి 1911 దాకా ఆ దేశంలో ప్రభుత్వ చర్చిలో జరిగిన పెళ్లిళ్ల వాటా, జనంలో చావుల రేటు రెండూ తగ్గుతూ వచ్చాయి. రెంటికీ పోలిక లెక్క కడితే 0.95 వచ్చింది. ఒకటికి ఒకటి వస్తే పూర్తి పొంతన ఉన్నట్టు. అంటే చర్చిలో పెళ్లిళ్లు మానేస్తే చావులు తగ్గుతాయని అనుకోవాలా? కాలంతో పాటు ఒకే దిక్కుకు పోయేవి ఏ రెండైనా ఇలాగే కనిపిస్తాయి. క్లైవ్ గ్రాంజర్, పాల్ న్యూబోల్డ్ 1974లో దీన్ని గట్టిగా నిరూపించారు. ఒకదానికొకటి సంబంధమే లేకుండా తయారుచేసిన రెండు అడ్డగోలు వరసలు కూడా పాత పద్ధతి లెక్కలో తరచూ దగ్గరి చుట్టాల్లా కనపడతాయని చూపించారు.

మరి నిజం పలుపును ఎలా గుర్తుపట్టాలి? రెండు ధరలనూ చూడొద్దు, వాటి మధ్య తేడాను చూడండి. ధరలు రెండూ ఎటుపోయినా తేడా మాత్రం ఒక మామూలు అంకె చుట్టూ తిరుగుతూ, దూరం పోయినప్పుడల్లా మళ్లీ అక్కడికే వస్తుంటే పలుపు ఉన్నట్టు. తేడా కూడా దారితప్పి ఎటో పోతుంటే, గీతలు ఎంత ముచ్చటగా కలిసి నడిచినా సరే, అక్కడ ఏమీ లేదు.

ఈ సంగతి బయటపడిన తీరు కూడా తమాషాగా ఉంటుంది. ఇంటికి రాని రెండు వరసల మధ్య తేడా ఇంటికి రావచ్చని డేవిడ్ హెండ్రీ అనే తోటి పండితుడు గ్రాంజర్‌తో అన్నాడట. అలా కుదరదు, నువ్వు తప్పని నిరూపిస్తానని గ్రాంజర్ కూర్చున్నాడు. నిరూపించబోయి, హెండ్రీయే రైటని తేల్చాడు. ఈ ముచ్చట గ్రాంజరే తర్వాత చెప్పుకున్నాడు. రాబర్ట్ ఎంగిల్‌తో కలిసి 1987లో రాసిన పత్రంతో ఈ పద్ధతి లోకమంతా పాకింది. 2003లో ఇద్దరికీ అర్థశాస్త్రంలో నోబెల్ బహుమతి వచ్చింది, గ్రాంజర్‌కు ఈ లెక్కకే.

దీన్ని పట్నం షేర్ల లెక్క అనుకోకండి. బంగ్లాదేశ్‌లో 1974లో కరువు వచ్చి జనం చనిపోయినప్పుడు బియ్యం ధరలు జిల్లాకూ జిల్లాకూ ఎలా కదిలాయి, ఢాకా ధరకు జిల్లాల ధరలు ఎంత ఆలస్యంగా స్పందించాయి అని మార్టిన్ రవాలియన్ పరిశీలించాడు. ఆయన 1986లో అచ్చేసిన పద్ధతి దీనికి దగ్గరి చుట్టమే. ఒక చోట తిండి ఉండి పక్కచోట లేకపోతే, ఆ రెంటి మధ్య పలుపు ఎంత సడలిందన్నది ప్రాణాల మీదికి వచ్చే ప్రశ్న.

పది క్వింటాళ్ల మినుముతో ఒక లెక్క

ఇక అసలు పనికి వద్దాం. కింది అంకెలు లెక్క తెలియడానికి అనుకున్నవి. ఇవి ఇవాళ్టి మార్కెట్ ధరలు కావు.

మీకు రెండెకరాల మాగాణి మినుము ఉంది, పది క్వింటాళ్లు అయ్యాయి. తెనాలిలో పాలిష్ రకం క్వింటాలు 8,000. అదే రకం చెన్నైలో దిగుడు ధర 8,700. తేడా 700 రూపాయలు. మామూలు రోజుల్లో ఈ తేడా 450 దాకా ఉంటుందని మీ పుస్తకం చెబుతోంది. లారీ కిరాయి, గోతాలు, హమాలీ, కమీషను, తరుగు అన్నీ అందులోనే. అంటే ఇవాళ 250 రూపాయలు ఎక్కువగా సాగింది. పలుపు బిగిసింది.

బావమరిది చూసేది 8,700. మీరు చూడాల్సింది ఆ 250.

ఆ 250 ఒక్కసారిగా మూసుకోదు. ప్రతి వారం మిగిలిన దాంట్లో అయిదో వంతు మూసుకుంటుందని పాత లెక్కల్లో తేలిందనుకుందాం. మొదటి వారం 50. మిగిలింది 200. రెండో వారం 40, మూడో వారం 32, నాలుగో వారం 26 దగ్గర. ఇలా మూడు వారాలకు ఎక్కువ తేడాలో సుమారు సగం పూడుతుంది. శాస్త్రజ్ఞులు ఎర్రర్ కరెక్షన్ అంకె అనేది ఈ అయిదో వంతునే. లెక్క అంతా కట్టి చివరికి వాళ్లు చూసేది ఈ ఒక్క అంకెనే అనుకోవచ్చు.

ఇప్పుడు ఆగడానికి ఖర్చు చూడండి. పెట్టుబడికి నూటికి రెండు రూపాయల వడ్డీకి తెచ్చి ఉంటే, 8,000 మీద నెలకు 160. వారానికి 37. మొదటి వారం ఆగితే 50 వస్తుంది, 37 పోతుంది, 13 మిగులుతుంది. రెండో వారం 40 వస్తే 37 పోతుంది, మూడు రూపాయలు మిగులుతాయి. మూడో వారం 32 వచ్చేటప్పటికి 37 పోతోంది. అక్కడి నుంచి ఆగిన ప్రతి వారం చేతి సొమ్మే. పది క్వింటాళ్ల మీద రెండు వారాలు ఆగి మిగుల్చుకున్నది మొత్తం 160 రూపాయలు. ఆ రెండు వారాల్లో తూకం ఒక్క కిలో తగ్గినా క్వింటాలుకు 80 రూపాయలు పోయినట్టే. పుచ్చు పురుగు పడితే చెప్పే పనే లేదు.

అదే రైతు వ్యవసాయ రుణం మీద 7 శాతానికి తెచ్చుకున్నవాడైతే? వడ్డీ వారానికి 11 రూపాయలు దాటదు. వారం వారం పూడేది 50, 40, 32, 26, 20, 16, 13 ఇలా దిగుతుంది గనక ఏడు వారాల దాకా ఆగినా వడ్డీకి మించే వస్తుంది. ఒకే ఊరు, ఒకే సరుకు, ఒకే ధర. ఒకాయన రెండో వారంలో అమ్మాలి, ఇంకొకాయన ఏడు వారాలు ఆగొచ్చు. కనక పక్క రైతు అమ్మాడని అమ్మడం, ఆగాడని ఆగడం రెండూ తప్పే కావచ్చు. ఆయన అప్పు ఎక్కడిదో మీకు తెలియదు గదా. గోదాములో సరుకు పెట్టి రసీదు మీద అప్పు తీసుకునే వీలు గురించి కళ్లం ముందే బ్యాంకులో అడిగి పెట్టుకోవడం ఇందుకే. కిసాన్ క్రెడిట్ కార్డున్న సన్న, చిన్నకారు రైతులకు గుర్తింపు పొందిన గోదాముల రసీదు మీద తక్కువ వడ్డీ అప్పు ఇచ్చే ఏర్పాటు కేంద్రం చేసింది. మీ బ్రాంచిలో ఇస్తారా, ఏ గోదాము రసీదు చెల్లుతుంది అన్నది నూర్పిడికి ముందు తేల్చుకోవాలి. బస్తాలు వరండాలో ఉండగా కాదు.

పూడిక వేగం మారితే లెక్క తిరగబడుతుంది. వారానికి అయిదో వంతు కాక ఇరవయ్యో వంతే పూడితే మొదటి వారం వచ్చేది పన్నెండున్నర రూపాయలు. నూటికి రెండు వడ్డీవాడు ఆ రోజే అమ్మేయాలి. సగం పూడటానికి పదమూడు వారాలు పడుతుంది. అప్పటికి వేసవి అంతా గడిచిపోతుంది.

ఏ ఎద్దు కదులుతుంది?

పై లెక్కలో ఒక మెలిక దాచాం. తేడా తగ్గడానికి రెండు దారులు. తెనాలి ధర పైకి రావచ్చు. లేదా చెన్నై ధర కిందికి దిగొచ్చు. మొదటిదైతే ఆగినవాడికి లాభం. రెండోదైతే తేడా పూడుతుంది గానీ మీ ధర ఉన్నచోటే ఉంటుంది, వడ్డీ మాత్రం నడుస్తుంది.

అందుకే అసలు లెక్కలో రెండు మార్కెట్లకూ విడివిడిగా పూడిక అంకె కడతారు. తేడా బిగిసినప్పుడు ఏది కదిలింది, ఏది కదలకుండా నిలబడింది అని చూస్తారు. నిలబడినది పెద్ద ఎద్దు. ధర పుట్టేది అక్కడ. కదిలినది వెంట నడిచేది. మామూలుగా పెద్ద రేవులు, పెద్ద యార్డులు నిలబడతాయి, చిన్నవి కదులుతాయి. అలాగని ప్రతి పంటకూ, ప్రతి ఏడూ అలాగే అని రాసిపెట్టుకోవద్దు. మీ పుస్తకంలో తేడా బాగా పెరిగిన వారాల ఎదురుగా, తర్వాతి మూడు వారాల్లో ఎవరు కదిలారో ఒక గుర్తు పెట్టుకుంటూ పోండి. పది పన్నెండు గుర్తులు చేరితే మీకే తెలుస్తుంది.

ఇంకో మాట. తేడా 450 నుంచి 480 అయిందని ఎవరూ లారీ కట్టరు. కిరాయికి కూడా రాదు. తేడా ఒక హద్దు దాటేదాకా పలుపు వదులుగానే ఉంటుంది, దాటితేనే లాగుతుంది. నాథన్ బాల్కే, థామస్ ఫాంబీ 1997లో ఈ హద్దును కూడా లెక్కలోకి తెచ్చారు. చిన్న తేడాలకు ఆశపడి ఆగడం దండగ అన్నది అందులోంచి మనకు వచ్చే మాట.

చెన్నైలో పడిన ధర ఆ సాయంత్రానికే మన ఊరికి వస్తుంది, లేచిన ధర మాత్రం ఎడ్లబండి ఎక్కి వస్తుంది అని రైతులు గొణుక్కోవడం అందరం విన్నదే. అది ఉత్త అనుమానం కాకపోవచ్చు. పడేటప్పుడు ఒక వేగం, లేచేటప్పుడు ఒక వేగం ఉండొచ్చని వాల్టర్ ఎండర్స్‌తో కలిసి గ్రాంజరే 1998లో ఒక పరీక్ష తయారుచేశాడు. మీ మార్కెట్లో అది నిజమా కాదా అన్నది వారం వారం ధరలు రాసినవాడికే దొరుకుతుంది. గొణిగితే కమీషన్ కొట్టు వినదు, పుస్తకం చూపిస్తే కనీసం నీళ్లు నములుతుంది.

అన్ని పంటలకూ ఒకటే పలుపు కాదు

తెనాలి నిమ్మ తీసుకోండి. కోసిన కాయ రెండు మూడు రోజులకు రంగు తిరుగుతుంది. నిల్వ ఉంచి తేడా పూడేదాకా ఆగే మాటే లేదు. ఇక్కడ లెక్క కోతకు ముందే. ఉత్తరాది పట్నాల్లో, గూడూరు మార్కెట్లో ధర చూసి, ఇవాళ కోయాలా, నాలుగు రోజులు చెట్టుమీద ఉంచాలా అన్నది ఒక్కటే రైతు చేతిలో ఉన్నది. కాయ చెట్టున ఉండగలిగినన్ని రోజుల్లో తేడా పూడకపోతే ఈ లెక్క మీకు అక్కరకు రాదు.

దుగ్గిరాల పసుపుది పూర్తిగా ఎదురు సంగతి. ఉడకబెట్టి ఎండబెట్టిన కొమ్ము నెలల తరబడి నిల్వ ఉంటుంది. దుగ్గిరాల ధర ఒక్కటే చూస్తే చాలదు. నిజామాబాదు, తమిళనాట ఈరోడు, మహారాష్ట్రలో సాంగ్లీ యార్డులు నాలుగూ కలిసిన మంద అది. ఇలాంటి మందల్లో ఎన్ని పలుపులున్నాయో ఒకేసారి తేల్చే పద్ధతిని డెన్మార్క్ ఆచార్యుడు సోరెన్ జొహాన్సెన్ 1988లో ఇచ్చాడు. పసుపు మార్కెట్ల మీద మన విశ్వవిద్యాలయాల విద్యార్థులు ఎక్కువగా వాడేది అదే. ఆగగలిగిన పంట గనక వడ్డీ లెక్క ఇక్కడ ఇంకా ముఖ్యం. కోల్డ్ స్టోరేజీ అద్దె కూడా దానికి కలపాలి.

వరి సంగతి వేరు. మద్దతు ధరకు ప్రభుత్వం నిజంగా కొంటున్న రోజుల్లో ఎద్దును గుంజకు కట్టినట్టు. 2025–26 సీజనుకు సాధారణ రకం క్వింటాలు 2,369 అంటే మన 75 కిలోల బస్తాకు 1,777 దగ్గర. కొనుగోలు కేంద్రం తెరిచి, తేమ పేరుతో వెనక్కి పంపకుండా కొంటే, బయటి ధర ఆ గుంజ చుట్టూనే తిరుగుతుంది. కేంద్రం తెరవకపోతే గుంజ కాగితం మీదే. 1986లో బాపట్ల నుంచి విడుదలైన సాంబ మసూరి లాంటి సన్న రకాలకు గుంజ కన్నా పట్నం బియ్యం గిరాకీతోనే ముడి ఎక్కువ.

పలుపు తెగిన రోజులు

పాత పుస్తకం పట్టుకుని కొత్త మార్కెట్‌కు పోకూడని సందర్భాలు ఉన్నాయి. ఈ లెక్కలో అన్నిటికన్నా ప్రమాదమైన చోటు ఇదే.

2021 మే నెలలో కేంద్రం మినుము దిగుమతుల మీద పరిమితులు తీసేసి స్వేచ్ఛగా తెచ్చుకోనిచ్చింది. అంతకు ముందు కోటాల మీద నడిచిన బర్మా సరుకు ఆ రోజు నుంచి వేరే తీరుగా వచ్చింది. 2021కి ముందు ఏళ్ల తేడాను సగటు కట్టి ఆ తర్వాత ఏడాదికి వాడితే తప్పుడు 450 వస్తుంది. రంగూన్‌లో ఏం జరిగితే తెనాలి కొట్టులో ఏమవుతుందో మన తాతలకు అక్కరలేదు, మనకు కావాలి. దీనికి తోడు మినుము మీద ముందస్తు వాయిదా వ్యాపారాన్ని 2007 జనవరిలోనే ఆపేశారు గనక రాబోయే నెలల ధర ఎంతన్న సూచన ఏ తెర మీదా దొరకదు. మన రైతుకు ఉన్నది తేడా లెక్కే.

పెనుమూడి–పులిగడ్డ వారధి వచ్చాక కృష్ణకు అటు దివిసీమ, ఇటు రేపల్లె మధ్య సరుకు పడవల కోసం చూడాల్సిన పని తప్పింది. వంతెన పడితే మామూలు తేడా తగ్గుతుంది, పూడిక వేగం పెరుగుతుంది. దానికి ఎదురుగా, 2023 డిసెంబరు 5న మిచౌంగ్ తుపాను బాపట్ల దగ్గర తీరం దాటినప్పటి లాంటి రోజుల్లో రోడ్లు మునిగి, గింజ తడిసి, రెండు ఊళ్ల ధరలకు పొంతన ఉండదు. ఆ వారాల అంకెలను సగటులో కలపకండి, పక్కన రాసి ఉంచండి. రొయ్యల చెరువులున్న రేపల్లె, నిజాంపట్నం రైతులకు 2025 ఆగస్టు ఇంకా గుర్తుండే ఉంటుంది. అమెరికా 50 శాతం సుంకం వేయగానే అక్కడి ధరకూ మన చెరువు గట్టు ధరకూ మధ్య ఉన్న మామూలు తేడా ఒక్క నెలలో మారిపోయింది. అలాంటప్పుడు "పాత తేడా మళ్లీ వస్తుంది, ఆగుదాం" అని మేత పోస్తూ కూర్చోవడం ఈ లెక్కను తప్పుగా వాడటమే. పలుపు తెగిందా, బిగిసిందా అన్నది ముందు తేల్చుకోవాలి. కారణం కంటికి కనపడుతుంటే, అది పోయేది కాదని తెలుస్తుంటే, తెగిందనే లెక్క.

నోటు పుస్తకంలో ఏం రాయాలి?

వారంలో ఒకే రోజు పెట్టుకోండి. శుక్రవారం అయితే ప్రతి శుక్రవారం. ఒక వరసలో మీరు అమ్మే మార్కెట్ ధర, రెండో వరసలో పెద్ద మార్కెట్ ధర, మూడో వరసలో తేడా. నాలుగో వరసలో ఆ వారం విశేషం ఏదైనా ఉంటే, అంటే వాన, సమ్మె, సెలవు, దిగుమతి కబురు.

రకం తప్పు రానివ్వకండి. పాలిష్ రకానికి పాలిష్ రకం, సాదాకు సాదా. ఒక వారం పాలిష్, ఒక వారం సాదా రాస్తే మీరు కొలిచేది మార్కెట్ల తేడా కాదు, గింజల తేడా. అలాగే ఒక ధర క్వింటాలుకు, ఇంకోటి బస్తాకు రాసి మర్చిపోవడం జరుగుతుంది. అన్నీ క్వింటాలుకే మార్చి రాయండి. కమీషను పోగా చేతికొచ్చిన ధరా, పోకముందు ధరా కలపకూడదు.

యార్డుల ధరలు కేంద్ర ప్రభుత్వం 2000లో మొదలుపెట్టిన అగ్‌మార్క్‌నెట్‌లో ఉంటాయి. ఇంట్లో చదువుకునే పిల్లలుంటే సెల్‌ఫోనులో తీసి చూపిస్తారు. అయితే రైతు నేరుగా మిల్లుకో కొట్టుకో అమ్మిన సరుకు అందులో కనపడదు. మన ప్రాంతంలో అలా పోయేదే ఎక్కువ గనక మీ మార్కెట్ వరస మాత్రం మీరు స్వయంగా విచారించి రాసిందే ఉండాలి. నలుగురు రైతులు కలిసి ఒకే పుస్తకం పెడితే ఇంకా మంచిది. ఒకరు కొట్టుకు పోలేని వారం ఇంకొకరు పోతారు.

ఒక సీజను రాస్తే మామూలు తేడా ఎంతో అంచనా దొరుకుతుంది. పూడిక వేగం తేలాలంటే రెండు మూడేళ్ల పుస్తకం కావాలి. అన్ని వారాలు చేరాక దాన్ని అసలు లెక్కలో పెట్టించుకోవాలనుకుంటే దూరం పోనక్కరలేదు. 1945లో పెట్టిన బాపట్ల వ్యవసాయ కళాశాలలో వ్యవసాయ అర్థశాస్త్రం చెప్పేవాళ్లున్నారు. వాళ్లకు కంప్యూటరు ఉంది, సూత్రం ఉంది. కళ్లం దగ్గర పలికిన ధర వారం వారం రాసిన పుస్తకం మాత్రం వాళ్ల దగ్గర అరుదు. అది పట్టుకెళ్లేటప్పుడు పేజీలు జిరాక్సు తీయించి ఒక ప్రతి ఇంట్లో ఉంచుకోండి.